పద్మజా టాకీసులో భేరుండ పక్షి

యర్రంశెట్టి తాతబ్బాయికి లోకంలో ఇష్టమైనవి రెండే. ఒకటి హాలు నిండా జనం, రెండోది ఇంటర్వెల్లో లేచే బజ్జీల వాసన. రెండూ పద్మజా టాకీసును విడిచిపెట్టి చాలాకాలమైంది. కొత్తరేవు బైపాసు మీద ఏసీ హాళ్ళు లేచాక కొత్త బొమ్మలన్నీ అటే పోయాయి. పద్మజాలో నేల, బెంచీ, కుర్చీ అన్న తేడా లేకుండా గబ్బిలాలు కాపురం పెట్టాయి.

సినిమా హాలు లైసెన్సుకు ఒక నిబంధన ఉంది. ఆరు నెలలపాటు ఒక్క టికెట్టయినా తెగకపోతే అది హాలు కింద లెక్క కాదు, ఖాళీ కొట్టు కింద లెక్క. లైసెన్సు పోయిన మర్నాడే అందులో ధాన్యం బస్తాలు దింపుదామని తాతబ్బాయి బావమరిది గోవిందు గోనెసంచులతో సహా సిద్ధంగా ఉన్నాడు. అతను చెడ్డవాడు కాదు. ఖాళీగా ఉన్న కప్పు ఏది కనిపించినా కింద ధాన్యం ఉంటే బాగుండుననుకునే మనిషి, అంతే. తాతబ్బాయికి మాత్రం ఆ ఊహే గిట్టేది కాదు. తండ్రి కట్టించిన హాలు, తల్లి పేరు పెట్టిన హాలు. అందులో ఎలుకలు తిరగడం అతను చూడలేడు.

గడువులో ఒక నెల గడిచేసరికి అదృష్టం ఒక పాత డబ్బాలో దొరికింది. మూతపడ్డ ఒక డిస్ట్రిబ్యూటరు ఆఫీసులో చెత్త ఎత్తేస్తుంటే, తుప్పు పట్టిన డబ్బాల్లో 'బస్రా బహద్దూర్' బయటపడింది.

అది అరబ్బుల కథ. తీసింది ఇటలీవాళ్ళు. ఎడారి స్పెయిన్‌ది. హీరో ఏ దేశంవాడో తెలియదు గాని, ఒంటినిండా గోధుమరంగు పూసుకుని బస్రా కుర్రవాడు హారిస్‌నని చెప్పుకునేవాడు. చెమట పట్టినప్పుడు మెడ దగ్గర అసలు రంగు బయటపడుతుండేది. తెలుగులో అతనికి గొంతు అరువిచ్చిన మహానుభావుడు నాటకాల్లో అర్జునుడి వేషం కట్టినవాడు కాబట్టి, హారిస్ ఓడ దిగుతుంటే పద్యం ఎత్తుకుంటాడేమోనని జనం ఎదురుచూసేవారు. ఇన్ని దేశాలు చేయి వేసి వండిన అబద్ధాన్ని, తాతబ్బాయి చిన్నతనంలో, కొత్తరేవు జనం నోళ్ళు తెరుచుకుని చూశారు. ముఖ్యంగా ఆ భేరుండ పక్షిని. కొండ వెనక నుంచి అది రెక్కలు విప్పుకుని లేచి, సంతలో ఒంటెను కాళ్ళతో తన్నుకుపోతుంటే, బెంచీల్లో కూర్చున్న ఆడవాళ్ళు పిల్లల్ని కొంగుల కింద దాచుకునేవారు. ఆ బొమ్మ మళ్ళీ వేస్తే ఊరు ఊరంతా వస్తుందని తాతబ్బాయి నమ్మకం.

ఆపరేటరు హుస్సేను రీళ్ళన్నీ తుడిచి, తెగినచోట అతికించి, మిషనుకు దండం పెట్టుకున్నాడు. గోడల మీద పోస్టర్లు పడ్డాయి. అప్పుడు తెలిసింది, చిత్రజీవ సంక్షేమ మండలి అనేది ఒకటి పుట్టిందని.

సినిమాల్లో జంతువులు నానా అవస్థలు పడుతున్నాయని ఎక్కడో ఎవరికో కన్నీళ్ళు వచ్చాయి. కన్నీళ్ళు రావడం మంచిదే. కాని ఆ కన్నీళ్ళకు ఒక కార్యాలయం, కార్యాలయానికి ఒక జీపు, జీపుకు ఒక డ్రైవరు ఏర్పడ్డాక జంతువుల పని వెనకబడుతుంది. కొత్తదైనా పాతదైనా, తెర మీద కనిపించే ప్రతి జీవీ క్షేమంగా ఉన్నట్టు మండలి ధ్రువపత్రం ఇస్తేనే బొమ్మ ఆడాలి. తాతబ్బాయి మంచి పంచె కట్టుకుని మండలి కార్యాలయానికి వెళ్ళాడు.

సహాయ సంచాలకులు విఠలేశ్వరరావు మర్యాదస్తుడు. కుర్చీ చూపించి, మంచినీళ్ళు తెప్పించి, పని మాత్రం నిబంధనల ప్రకారం చేసేవాడు.

"ఒంటెలెన్ని?" అని అడిగాడు.

"అయిదారుంటాయండి."

"ప్రస్తుత పరిస్థితి?"

"బొమ్మ తీసి నలభై ఏళ్ళు దాటిందండి. ఇంకా ఉంటాయంటారా?"

విఠలేశ్వరరావు 'సహజ మరణం' అని రాసుకున్నాడు. గుర్రాలకూ అదే రాశాడు. సుల్తాను భుజం మీది కోతి దగ్గర కాస్త ఆగి, నిట్టూర్చి, దానికీ అదే రాశాడు.

"పోస్టరు మీద ఒక పక్షి ఉన్నది."

"అది బొమ్మేనండి. రబ్బరు తొడుగు, పైన ఈకలు. లోపల ఇద్దరు మనుషులు కూర్చుని రెక్కలాడించేవారంట."

విఠలేశ్వరరావు కలం కింద పెట్టాడు. "తాతబ్బాయిగారూ, పక్షి అయితే పక్షి అని రాయడానికి నాకు అధికారం ఉన్నది. పక్షి కాదని రాయడానికి లేదు. అది సాంకేతికమైన అంశం. పశువైద్యాధికారి అభిప్రాయం అవసరమవుతుంది."

"చూస్తే తెలిసిపోద్దండి. పసిపిల్లలు కూడా చెప్తారు."

"పసిపిల్లలు గెజిటెడ్ అధికారులు కారు కదండీ," అన్నాడు విఠలేశ్వరరావు, ఎంతో దయగా.

పశువైద్యాధికారి డాక్టరు సుగుణాకరం మెడలో స్టెతస్కోపుతో టాకీసుకు వచ్చాడు. ఉద్యోగ జీవితమంతా గేదెల మధ్య గడిపిన మనిషి. చేయి పెట్టి చూడనిదే ఏ మాటా అనడని పేరు. హుస్సేను బొమ్మ వేశాడు. డాక్టరు ముందు వరసలో కూర్చుని, పక్షి కొండ వెనక నుంచి లేవగానే తనూ లేచి తెర దగ్గరికి వెళ్ళాడు. గుడ్డతెరను అరచేత్తో తడిమాడు. వెనక్కి వచ్చి కూర్చుని ఆలోచనలో పడ్డాడు.

"ముక్కుంది," అన్నాడు చివరికి. "రెక్కలున్నాయి. ఎగిరింది. కొండ మీద గుడ్డు కూడా కనిపించింది. మా శాస్త్రంలో ఇవన్నీ ఉన్నదాన్ని పక్షి అంటారండి."

"లోపల మనుషులున్నారండి డాక్టరుగారూ."

"లోపలేముందో కోస్తేగాని తెలీదు. బతికున్నదాన్ని నేను కొయ్యను."

ఇంతలో ఇంటర్వెల్ పడింది. ఎక్కడో ఒక గేదె ఈనబోతోందని డాక్టరు లేచాడు.

"రెండో సగం కూడా చూడండి బాబూ. క్లైమాక్సులో ఆ పక్షి—"

"కథ చెప్పకండి," అన్నాడు డాక్టరు చేయి అడ్డం పెట్టి. "ముందే చెప్పేస్తే ఇంకేం మజా ఉంటుంది?"

గుమ్మం దగ్గర నిలబడే నివేదిక రాసిచ్చాడు. పెద్ద పక్షి. ఆరోగ్యంగా ఉన్నది. రెక్కల కదలిక తృప్తికరం.

తాతబ్బాయి ఆ కాగితం చూసి మొదట సంతోషించాడు. పక్షి అయితేనేం, క్షేమంగా ఉందన్నారు కదా, ఇక బొమ్మ ఆడుకోవచ్చు అనుకున్నాడు. అమాయకుడు. నెల తిరక్కుండానే విఠలేశ్వరరావు జీపు వచ్చి టాకీసు ముందు ఆగింది. అతని చేతిలో పూలదండ ఉంది. దాన్ని తాతబ్బాయి మెడలో వేశాడు.

"మీరు ధన్యులు," అన్నాడు. "మేము అన్ని అడవులకూ, అన్ని జంతు ప్రదర్శనశాలలకూ రాశాము. ఇటువంటి పక్షి తమ దగ్గర లేదని అందరూ జవాబిచ్చారు. ఒంటెతో పోల్చి చూస్తే రెక్కల వెడల్పు మన కలెక్టరు కార్యాలయమంత వస్తున్నది. ప్రపంచంలో మిగిలినది ఇది ఒక్కటే. అది మీ దగ్గర ఉన్నది."

"నా దగ్గర డబ్బాలో ఉందండి," అన్నాడు తాతబ్బాయి.

"ఎక్కడ ఉన్నదన్నది కాదు, ఉన్నదా లేదా అన్నది ప్రధానం."

తర్వాత ఉత్తర్వు చదివాడు. పద్మజా టాకీసును భేరుండ పక్షి అభయారణ్యంగా ప్రకటించారు. ఈలలు, చప్పట్లు, కాగితం ముక్కలు ఎగరేయడం మొదలైన వాటివల్ల పక్షి బెదిరే ప్రమాదం ఉన్నందున ప్రజలకు ప్రవేశం నిషేధం. అయితే పక్షి బతికి ఉన్నదీ లేనిదీ ప్రతిరోజూ తనిఖీ చేయవలసి ఉన్నందున, యజమాని ప్రతిరోజూ మ్యాట్నీ వేసి పక్షిని చూపించవలెను.

"మరి టికెట్టు ఎవరు కొంటారండి? టికెట్టు తెగకపోతే నా లైసెన్సు పోద్దండి," అన్నాడు తాతబ్బాయి.

"లైసెన్సు వేరే శాఖ," అన్నాడు విఠలేశ్వరరావు. "వారి పరిధిలోకి మేము వెళ్ళం. మా పరిధిలోకి వారు రారు. ప్రభుత్వం నడుస్తున్నది అందువల్లనే."

పద్మజా టాకీసు అన్న బోర్డు దిగింది. దాని స్థానంలో ఆకుపచ్చ రంగుది ఎక్కింది. ఒక రేంజరు వచ్చాడు. అతని వెనక గార్డులు, వాళ్ళ వెనక గుమాస్తా, గుమాస్తా వెనక బీరువా. పక్షికి పుట్టింటి వాతావరణం ఉండాలని తెరకు రెండు పక్కలా ప్లాస్టిక్ ఖర్జూరపు చెట్లు నిలబెట్టి, నేల క్లాసులో ఇసుక పోయించారు. ఆ ఇసుక గోదావరిది.

తిండి దగ్గర కొంత చర్చ జరిగింది. మొదట జొన్నలు పోయాలనుకున్నారు. ఒంటెను తన్నుకుపోయిన పక్షికి జొన్నలేం సరిపోతాయని డాక్టరు సుగుణాకరం అభ్యంతరం చెప్పాడు. ఒంటెలు ఈ జిల్లాలో దొరకవు కనుక పూటకు రెండు మేకలు మంజూరయ్యాయి. మ్యాట్నీ మొదలయ్యేటప్పుడు వాటిని తెర కింద కట్టేవారు. ఇంటర్వెల్ అయ్యేసరికి అక్కడ తాళ్ళు మాత్రం ఉండేవి. ఆ వేళకు టాకీసు వెనక రేకుల షెడ్డులోంచి అల్లం వెల్లుల్లి వేగుతున్న వాసన వచ్చేది. 'ఆకలి బాగున్నది, జీర్ణశక్తి అమోఘం' అని డాక్టరు వారం వారం రాసేవాడు. అతని నమ్మకం అతనిది. మేకలు లేవు, పక్షి ఉంది. శాస్త్రం తెలిసినవాడు ఇంకేం అనుకుంటాడు?

తనిఖీ పద్ధతి కూడా త్వరలోనే స్థిరపడింది. పక్షి మొదటి సగంలోనే కనిపిస్తుంది కాబట్టి, అది ఎగరగానే 'సజీవం' అని రాసి అందరూ సంతకాలు పెట్టేవారు. ఇంటర్వెల్ గంట మోగగానే షెడ్డు వైపు నడిచేవారు. మళ్ళీ హాల్లోకి వచ్చినవాడు లేడు. మాంసం కూర వేడిగా ఉన్నప్పుడు హారిస్ సాహసాలు ఎవరిక్కావాలి?

బొమ్మను సగంలో ఆపితే హాలుకు అరిష్టం. అది తాతబ్బాయి తండ్రి నాటి ఆచారం. వాన కురిసి ఒక్క మనిషే మిగిలినా శుభం పడేదాకా రీలు తిరగాల్సిందే. అందుకని ఆ రెండో సగాన్ని హుస్సేను ఖాళీ హాలుకే వేసేవాడు. తాతబ్బాయి వెనక తలుపు దగ్గర నిలబడి చూసేవాడు. హారిస్ బల్లెం పట్టుకుని కొండ ఎక్కుతాడు, పక్షి అరుస్తుంది, ఆ అరుపుకు జవాబుగా ఒక్క ఈల లేదు. కుర్చీల వరసలు చూస్తుంటే తాతబ్బాయికి ఏడుపొచ్చేది. ఒకరోజు వచ్చింది కూడా.

"ఎవరూ లేని హాల్లో బొమ్మేస్తే, శవానికి సింగారం చేసినట్టుందిరా హుస్సేనూ," అన్నాడు కండువాతో మొహం తుడుచుకుంటూ.

"ఒక్కసారి ఆళ్ళకి ఆఖరి రీలు సూపించెయ్యండి బాబుగారూ," అన్నాడు హుస్సేను. "ఇసయం తెలిసిపోద్ది."

"కూరొదిలి వస్తేనా."

తాతబ్బాయి ప్రయత్నించకపోలేదు. రేంజరు దగ్గరికి వెళ్ళి "అయ్యా, ఈ పక్షి చివరికి" అని మొదలుపెట్టాడు. తానింకా బొమ్మ పూర్తిగా చూడలేదనీ, ఎప్పుడో తీరిగ్గా చూస్తాననీ, కథ చెప్పొద్దనీ రేంజరు చెవులు మూసుకున్నాడు. గుమాస్తా అయితే కోప్పడ్డాడు. ఆఖరికి తాతబ్బాయి విఠలేశ్వరరావు దగ్గరికే వెళ్ళి, ఆ పక్షి లేదని రాసేసి తన హాలు తనకిచ్చేయమని చేతులు పట్టుకున్నాడు.

విఠలేశ్వరరావు కళ్ళు చెమర్చాయి. "మీరింత కఠినులని అనుకోలేదు," అన్నాడు. "మీరు లేదంటున్న ఆ పక్షి రెక్కల నీడన పదకొండు కుటుంబాలు బతుకుతున్నాయి. మా రేంజరుకు మొన్ననే పెళ్ళి కుదిరింది. ఏమని చెప్పి కుదుర్చుకున్నాడు? భేరుండ పక్షి రేంజరునని. ఇప్పుడు పక్షి లేదంటే ఆ పిల్ల గతేమిటి?"

తాతబ్బాయి ఆ పిల్ల గురించి కొంచెం బాధపడి ఇంటికి వచ్చేశాడు.

ఊళ్ళో మాత్రం రోజూ మధ్యాహ్నం గోడ ఇవతల జనం గుమిగూడేవారు. లోపల్నుంచి పక్షి అరుపు వినిపించేది. మేకలు లోపలికి వెళ్ళడం అందరూ చూశారు, బయటికి రావడం ఎవరూ చూడలేదు. రేంజరు చేతికి గీసుకుపోయిందని ఒకరు, కాదు ముక్కుతో పొడిచిందని ఇంకొకరు. షెడ్డులో గిన్నె కాలి బొబ్బెక్కిందని గార్డుకు తెలుసు గాని అతను చెప్పడు. గోవిందు కూడా వచ్చి గోడకు చెవి ఆనించి విన్నాడు.

"బావా, గడువు దగ్గరపడుతోంది," అన్నాడు జాలిగా. "ఆ పక్షిని పంపించేసేటప్పుడు కాస్త ముందు చెప్పు. బస్తాలు దింపాలంటే నేల ఊడిపించుకోవాలి."

అలా రోజులు గడుస్తూ గడుస్తూ ఉండగా గుమాస్తా ఒక సంగతి గమనించాడు. ఏ బొమ్మయినా సరే ఏకధాటిగా నూరు రోజులు ఆడిందంటే కొత్తరేవులో ఊరుకోరు. షీల్డులు పంచాల్సిందే. ఆంధ్రదేశంలో ఇది పెళ్ళి కన్నా గట్టి తంతు. 'బస్రా బహద్దూర్' పద్మజాలో ఒక్కపూట కూడా ఆగకుండా నూరో రోజుకు చేరువలో ఉంది. ఆ ఊళ్ళో ఏ బొమ్మా ఇన్నాళ్ళు ఆడి చాలా ఏళ్ళయింది. అది అభయారణ్యమన్న మాట మరిచిపోయి కార్యాలయమంతా ఉత్సాహంలో మునిగిపోయింది. భేరుండ పక్షి శతదినోత్సవానికి కమిటీ వేశారు. మంత్రిగారికి ఆహ్వానం వెళ్ళింది. ఆయన్ను ఈ మధ్య ఎవరూ ఎక్కడికీ పిలవలేదు కనుక వెంటనే ఒప్పుకున్నారు.

టాకీసు ముందు ఫ్లెక్సీ లేచింది. అందులో మంత్రిగారు పెద్దగా, విఠలేశ్వరరావు మధ్యస్థంగా, పక్షి చిన్నగా ఉన్నారు. తాతబ్బాయి లేడు.

నూరో రోజు ఉదయమే లైసెన్సు శాఖ నుంచి మనిషి వచ్చి నోటీసు అంటించి వెళ్ళాడు. రేపు సాయంత్రంలోగా టికెట్టు తెగకపోతే ఈ కట్టడం సినిమా హాలు కాదు. నోటీసు అంటించడానికి ఖాళీ గోడ లేక, శతదినోత్సవ ఫ్లెక్సీ మీదే, సరిగ్గా పక్షి బొమ్మ మీద అంటించాడు. తాతబ్బాయి దాన్ని చదువుకుని హుస్సేను పక్కన మెట్ల మీద కూర్చున్నాడు.

"ఇయ్యాల ఆఖరాటరా," అన్నాడు. "బాగా ఎయ్యి."

మ్యాట్నీకి మంత్రిగారు వచ్చారు. అధికారులు, వాళ్ళ భార్యలు, పిల్లలు, రేంజరుకు కాబోయే మామగారు అంతా కుర్చీల్లో సర్దుకున్నారు. మేకలను తెర కింద కట్టారు. బొమ్మ మొదలైంది. పక్షి లేచింది, ఒంటెను తన్నుకుపోయింది, అందరూ సంతకాలు పెట్టారు. ఇంటర్వెల్ గంట మోగగానే సిబ్బంది యావత్తూ అలవాటు చొప్పున లేచి షెడ్డు దారి పట్టారు.

మంత్రిగారు లేవలేదు. "భలే ఉందయ్యా. చిన్నప్పట్నించి నాకు ఇలాంటి బొమ్మలంటే పిచ్చి. పూర్తిగా చూసే షీల్డులిస్తాను," అన్నారు.

వెళ్ళినవాళ్ళందరూ వెనక్కి వచ్చి కూర్చున్నారు. మంత్రిగారి ఎదుట మేకల్ని విప్పే ధైర్యం ఎవరికీ లేక, ఆ వేళ షెడ్డులో ఉత్త మసాలా మాడింది.

రెండో సగం వాళ్ళు చూడడం అదే మొదలు. విఠలేశ్వరరావు కాసేపట్లోనే ఉద్యోగం మరిచిపోయి పిల్లాడిలా ముందుకు వంగాడు. హారిస్ ఓడ మునిగింది, రాకుమారి చెరలో పడింది, సుల్తాను పాపాలు బయటపడ్డాయి. హారిస్ బల్లెం పట్టుకుని కొండ ఎక్కాడు. భేరుండ పక్షి రెక్కలు విప్పుకుని మీదికి దూకింది. "పొడువు," అన్నాడు విఠలేశ్వరరావు పళ్ళ బిగువున.

హారిస్ పొడిచాడు. పక్షి ఒక్క కేక వేసి, ఈకలు రాలుస్తూ, కొండ అంచు మీంచి జారి సముద్రంలో పడి మునిగిపోయింది. కాసేపటికి నీటి మీద ఒక పెద్ద ఈక తేలింది. రాకుమారి హారిస్‌ను కౌగిలించుకుంది. శుభం పడింది.

లైట్లు వెలిగాయి. మేక ఒకటి అరిచింది.

"ఇప్పుడేం జరిగింది?" అని అడిగారు మంత్రిగారు.

"పక్షి చచ్చిపోయిందండి," అన్నాడు తాతబ్బాయి వెనక నుంచి.

"మన పక్షేనా?"

"మనదేనండి."

"ఎప్పుడూ ఇలాగే అవుతుందా?"

"రోజూ ఇంతేనండి. ఇయ్యాల్టితో నూరోసారి. చెబుదామంటే కథ చెప్పొద్దన్నారండి."

మంత్రిగారు విఠలేశ్వరరావు వైపు తిరిగారు. "అంటే ప్రపంచంలో మిగిలిన ఒక్క పక్షిని, మీ సిబ్బంది కాపలా ఉండగా, మీ అభయారణ్యంలోనే నూరుసార్లు పొడిచి చంపారు. మీరు నూరుసార్లు సజీవం అని సంతకం పెట్టారు. నేను షీల్డు ఇవ్వడానికి వచ్చాను. రేపు అసెంబ్లీలో అడిగితే నేనేం చెప్పాలి?"

హారిస్ మీద కేసు పెడదామన్నాడు రేంజరు. చిరునామా ఏం రాస్తావని గుమాస్తా అడిగాడు. డాక్టరు సుగుణాకరం గొంతు సవరించుకున్నాడు. "అయ్యా, వైద్యపరంగా మనవి చేస్తాను. నూరుసార్లు చనిపోయిందంటే తొంభైతొమ్మిది సార్లు మళ్ళీ బతికిందన్నమాట. అది మా చికిత్స."

"నూరోసారి?" అన్నారు మంత్రిగారు.

డాక్టరు కూర్చున్నాడు.

ఇరవై ఏళ్ళ సర్వీసు, రావలసిన ప్రమోషను, అన్నీ ఆ ఈక పక్కనే నీళ్ళ మీద తేలుతున్నట్టు కనిపించాయి కాబోలు, విఠలేశ్వరరావు గభాలున తాతబ్బాయి దగ్గరికి వచ్చి రెండు చేతులూ పట్టుకున్నాడు.

"తాతబ్బాయిగారూ, మీరు మొదట్లో ఏదో అన్నారు. రబ్బరు అన్నారా?"

"రబ్బరేనండి. పైన ఈకలు. లోపల ఇద్దరు మనుషులు."

"ఇంత ముఖ్యమైన విషయం మా దృష్టికి ఎందుకు తేలేదండీ?"

తాతబ్బాయి ఆయన మొహంలోకి చూశాడు. తిట్టాలనిపించింది. అమ్మ పేరున్న బోర్డు దింపిన చేతులవి. కాని ఆ చేతులే ఇప్పుడు తన చేతుల్ని వదలడం లేదు, పైగా కలం వాటిదే. "నా తప్పేనండి," అన్నాడు.

ఇన్నాళ్ళూ కదలని యంత్రాంగం అరగంటలో కదిలింది. షీల్డుల కోసం వేసిన బల్ల మీదే కాగితాలు పరిచారు. అది పక్షి కాదనీ, పక్షి కానిదానికి అభయారణ్యం అక్కర్లేదనీ, కాబట్టి అభయారణ్యం కూడా ఎన్నడూ లేదనీ, లేని అభయారణ్యంలో ఎవరూ చావలేదనీ విఠలేశ్వరరావు గబగబా రాయించాడు. డాక్టరు తెరను మళ్ళీ ఒకసారి తడిమి, రబ్బరే అని సంతకం పెట్టాడు. అక్కడ గుమాస్తాకు ఒక ధర్మసందేహం వచ్చింది.

"పక్షి రబ్బరుదైతే మేకల్ని తిన్నదెవరండి?"

గార్డులు నేల చూపులు చూశారు. తెర కింద మేకలు రెండూ ఇసుకలో పడుకుని నెమరు వేస్తున్నాయి. విఠలేశ్వరరావు వాటిని కాసేపు చూసి, డాక్టరు వైపు చూశాడు. డాక్టరు కళ్ళు మూసుకుని మేకలు కూడా రబ్బరువే అని రాశాడు.

తాతబ్బాయికి షీల్డు చేతిలో పెట్టీ పెట్టకుండానే మంత్రిగారి కారు కదిలింది. రబ్బరు మేకలు రెండింటినీ హుస్సేను ఇంటికి తోలుకుపోయాడు. అవి మేకలు కావని కాగితం ఉంది కాబట్టి ఎవరూ అడగలేదు. రేంజరు పెళ్ళి మాత్రం తప్పిపోలేదు. తన కళ్ళతో చూసిన పక్షిని కాగితం చూసి కాదంటానా అని మామగారు పట్టుబట్టాడట.

మర్నాడు పొద్దున్నే పద్మజా టాకీసు బోర్డు మళ్ళీ ఎక్కింది. మార్నింగ్ షోకి తలుపులు తీసేసరికి బజారు చివరిదాకా జనం. ఇన్నాళ్ళు గోడ ఇవతల అరుపులు విన్నవాళ్ళంతా ఆ పక్షి మొహం చూద్దామని పిల్లాపాపలతో వచ్చారు. గోవిందు గోనెసంచులు ఇంట్లో పెట్టి, పెళ్ళాం బిడ్డలతో వరసలో నిలబడ్డాడు. మొదటి టికెట్టు తాతబ్బాయి తన చేత్తో చింపి ఇచ్చాడు. అది వంకరగా చిరిగింది.

మండలి వారి ధ్రువపత్రాన్ని బొమ్మకు ముందు తెర మీద నిమిషం పాటు చూపించాలని నిబంధన. హుస్సేను చూపించాడు.

'ఈ చిత్రములో పక్షి లేదు. ఉన్నట్లు కనిపించినచో ఆ బాధ్యత ప్రేక్షకులదే.'

"అయితే మేం దేనికొచ్చినట్టు?" అన్నారెవరో బెంచీల్లోంచి. హాలు గొల్లుమంది. అందరూ నవ్వుతుండగానే ధ్రువపత్రం పోయి బొమ్మ మొదలైంది. బస్రా సంత, ఒంటెలు, మెడ దగ్గర రంగు తేలిన హారిస్. కొండ వెనక మబ్బులాంటిదేదో కదిలింది. నవ్వులు ఆగిపోయాయి. తాతబ్బాయి వెనక తలుపు దగ్గర నిలబడి, తెరను వదిలి జనాన్ని చూస్తున్నాడు.

భేరుండ పక్షి రెక్కలు విప్పింది. బెంచీల్లో ఆడవాళ్ళు పిల్లల్ని కొంగుల కింద దాచుకున్నారు. ప్రభుత్వం వారి మాట నమ్మినవాడు ఆ హాల్లో ఒక్కడూ లేడు.